కరివేపాకు ఏరి పక్కన పెట్టేవాడు

బుడ్డోడా, నువ్వు పోయి నెల దాటింది.

చదివేవాళ్లకు చెప్పాలి కదా, బుడ్డోడంటే నా కొడుకు. చిన్న చిన్న సినిమాల్లో నటించాడు, కథలూ తానే రాసుకున్నాడు. పోయిన నెల కర్నూలు ఆసుపత్రిలో రక్తంలో జబ్బుతో కన్నుమూశాడు. తిండి లేక వచ్చిన జబ్బు కాదని డాక్టరమ్మ చెప్పింది. నేను నమ్మలేదు. ఉద్యోగం మానేసి సినిమాలకు పోయిననాడు, "ఆ సినిమా నీకు కూడు పెడతాదేమో నేనూ చూస్తా" అన్నది నేనే. తర్వాత వాడు ఫోన్‌లో "తింటాండా మా" అన్న ప్రతిసారీ అబద్ధమే అనుకున్నాను.

అయినా మా ఊరు బేతంచెర్లకు వచ్చినప్పుడల్లా రాసింది నాకే చదివి వినిపించేవాడు. నేను బండల పాలిష్ పని నుంచి వచ్చి కాళ్లు చాపుకుంటే పక్కన చేరేవాడు.

"మా, మేస్త్రీ కూలోళ్లను ఇట్ల తిడతాడా?"

"ఇంత మెత్తగా తిడితే ఎవురు కదులుతారప్పా?"

నవ్వి, కొట్టేసి మళ్లీ రాసేవాడు. "చదువుకున్నోళ్లు బాగుండాదంటే భయం మా, నువ్వంటే ధైర్యం" అనేవాడు.

చర్చిలో వాడి కోసం పెట్టిన ఆదరణ కూడిక ప్రార్థన అయినాక, వాడి స్నేహితుడు, ఆ సినిమాల కెమెరామన్, ఇంటికి వచ్చాడు. సినిమాలో పెట్టని ముక్కలు ల్యాప్‌టాప్‌లో చూపించాడు. గనిలో కూలివాడి వేషంలో మావాడు బొరుగుల ఉగ్గాని తింటున్నాడు. అదే సీను నాలుగుసార్లు.

"ఇంగో ప్లేటు వస్తాదని కావాలనే చెడగొడతాండె అమ్మా" అని నవ్వాడు. "మా దగ్గర లైట్లు తక్కువే గానీ తిండి ఎప్పుడూ తక్కువ కాలేదు. అందరూ తిన్నాకే కెమెరా తియ్యల్లంటాండె."

నేను ఆ మాటలకంటే మావాడి వేళ్లనే చూస్తున్నాను. ఆకలంటే నాకు తెలుసు. గని పనుల్లో పస్తులుండి తిన్నదాన్ని. ఆకలిగొన్నవాడు ప్లేటులో ఏముందో చూడడు. మావాడు కరివేపాకు ఒక్కొక్కటే ఏరి అంచున పెడుతున్నాడు. పచ్చిమిరపకాయ తీసి పక్కవాడి ప్లేటులో వేశాడు. "దీనికి నిమ్మకాయే పిండలేదు, యాడ చూసి చేసినార్రా?" అని వంక పెట్టాడు. చిన్నప్పుడు నా దగ్గర పెట్టిన పేచీలే అవి.

నెల తర్వాత ఆ మధ్యాహ్నం నాకు నిద్ర పట్టింది.

వాడు లేడన్న దుఃఖం ఎటూ పోదు. ఆకలితో పోయాడన్న దిగులు మాత్రం తీరింది. చివరి ముక్కలో వాడు మూతి తుడుచుకుని, ఖాళీ ప్లేటు కెమెరా వైపు ఎత్తి పట్టుకుని, మళ్లీ పెట్టించుకోవడానికి అటూ ఇటూ చూస్తాడు.

ఇది చదివినవాళ్లు బాగా తినండి.