నీళ్ల ట్యాంకు వెనక పొద్దు

మా పైఅంతస్తు పెద్దనాయన పోయిన గురువారం కన్నుమూశారు. చుట్టం కాదు, పిలుపు అలా అలవాటైంది. పర్వత్ పాటియా అనే ఈ మిల్లుల పేటలో, మా బిల్డింగు వాళ్లకు ఆయన పాత మగ్గం కార్మికుడు. నాకు బుధగ్రహాన్ని చూపించిన మనిషి. ఆయన కుడికన్ను పాడవడానికి కారణం నేనే. ఆ మాట ఇన్నాళ్లూ ఎవరికీ చెప్పలేదు.

పొద్దున ఏడు నుంచి రాత్రి ఏడు దాకా షిఫ్టు కావడంతో, పనిలో ఉన్నన్నాళ్లూ ఆయన సాయంత్రపు ఆకాశమే చూడలేదట. పని మానేశాక పాత సామాన్ల బజార్లో బైనాక్యులర్ కొన్నారు. కుడి గొట్టంలోనే సరిగా కనిపించేది. బుధుడు సూర్యుణ్ని వదిలి దూరం పోడు. పొద్దు గూకాక కాసేపే, పడమట బాగా కిందుగా కనిపిస్తాడు. నాకు ఓపిక తక్కువ. ఫోన్లో పెద్దగా చూపిస్తానంటే, "ఫోన్ల ఉన్నది ఎవరో చూసింది. నువ్వు జర నిలబడు" అనేవారు.

నోటుబుక్కులో ఎదుటి నీళ్ల ట్యాంకు గీసి, పక్కన బుధుడు ఉన్నచోట చుక్క పెట్టేవారు. చుక్క కొన్నాళ్లు పైకెక్కేది, మళ్లీ దిగి మాయమయ్యేది, తర్వాత తెల్లవారుజామున తూర్పున తేలేది. "గా చుక్క ఎటూ పోతలేదు బిడ్డా. మగ్గంల దారం మోసే నాడె లెక్క, సూర్యునికి అటిటు తిరుగుతున్నది" అన్నారొకరోజు. అది చెప్పేటప్పటి ఆయన మొహం నాకిష్టం.

పొద్దు పూర్తిగా గూకాకే బైనాక్యులర్ ఎత్తాలన్నది ఆయన నియమం. ఆయన కళ్లకు వెలుగు పడదు కనుక, చూసి చెప్పే పని నాది. ఒకరోజు ఫోన్లోంచి తలెత్తితే సూర్యుడు లేడు. "గూకింది" అన్నాను. గూకలేదు, ట్యాంకు వెనక్కి వెళ్లాడంతే. సూర్యుడు ట్యాంకు కింద స్తంభాల మధ్యకు దిగేసరికి ఆయన బైనాక్యులర్‌తో అటే చూస్తున్నారు.

"ఏం గాలే" అన్నారు. ఆ కంటి నడుమ నల్లమచ్చ అలాగే ఉండిపోయింది. కూతురికి మాత్రం వయసు వల్ల చూపు తగ్గిందని చెప్పారు. గొట్టాన్ని ఎడమకంటికి మార్చుకుని, మళ్లీ నన్నే అడిగేవారు: "పొద్దు గూకిందా బిడ్డా?" తిట్టి ఉంటే ఇంత బాధ ఉండేది కాదు.

నిన్న ఆయన కూతురు నోటుబుక్కు, బైనాక్యులర్ తెచ్చి, "నాయిన నీకే ఇయ్యమన్నడు" అంది. కన్ను పాడైన రోజు పేజీ తీశాను. "మబ్బు. కనబడలే" అని ఉంది. ఆ రోజు మబ్బు లేదు. ఏడుస్తూ ఆ అక్కకే అంతా చెప్పాను. "గా మాట నాయిన ఉన్నప్పుడు చెప్తే ఏమైతుండె?" అంది.

ఈ సాయంత్రం ఒక్కదాన్నే మేడ ఎక్కాను. సూర్యుడు ట్యాంకు వెనక్కి పోయి, స్తంభాల మధ్య ఎర్రగా మళ్లీ కనిపించాడు. అదీ పోయేదాకా బైనాక్యులర్ ఒళ్లోంచి తీయలేదు. అప్పుడు పైకే అన్నాను: "గూకింది, పెద్దనాయనా."