క్రిస్మస్ ఆరాధనలో గిటార్

మొన్న లైబ్రరీలో పాత సినిమా పత్రిక ఒకటి తెరిచాను. ఆ ముక్కిన కాగితం వాసనకి అరవైల నాటి మా గోల్‌మురి పేట చర్చి గుర్తొచ్చింది.

అప్పట్లో మా చిన్నాన్న ఒక ఇంగ్లీషు రాక్ గాయకుడు నటించిన పాటల సినిమాలన్నీ చూసి, సొంతంగా గిటార్ నేర్చుకున్నాడు. క్రిస్మస్ ఆరాధనలో వాయిస్తానని అడిగితే సంఘపెద్ద తాత ఒప్పుకోలేదు.

"సినిమావోళ్ల వాయిద్యం దేవుడి ముందేటి?" అన్నాడు.

చిన్నాన్న మొహం చిన్నబోయింది. లైబ్రరీలో బొమ్మల పత్రికలన్నీ కూడబలుక్కుని చదివేసేదాన్ని కదా, నేను ధైర్యంగా లేచాను.

"తాతా, ఆ పాటగాడు కూడా పాస్టరే. తెల్లంగీ ఏసుకుని బైబిల్ పట్టుకున్న ఫొటో నాను సూసినాను."

తాత పాస్టరు గారి వైపు తిరిగాడు. ఆయన నవ్వు ఆపుకుంటూ, "అవును, నేనూ చూశాను. వాయించనివ్వండి" అన్నారు.

క్రిస్మస్ పొద్దున చిన్నాన్న వాయిస్తుంటే చర్చి అంతా చప్పట్లు కొడుతూ పాడింది. తాత చేతికర్రతో తాళం వేసి, "ఇంకోటి వాయించరా" అన్నాడు.

ఫొటోలోని ఆ తెల్లంగీ సినిమాలో వేషమని పెద్దయ్యాక పుస్తకాలు చదివి తెలుసుకున్నాను. పాస్టరు గారు చూసింది ఫొటో కాదు, సినిమానే అని అప్పుడు అర్థమైంది.