నాటకం మధ్యలో శాలువా

ఈ సాయంత్రం హనుమకొండలో జపాన్ వాళ్ల సంప్రదాయ నాటకం చూశాను, చూడనిచ్చినంత వరకు. కొయ్య ముఖం తొడుక్కున్న ముసలి నటుడు, ఏడ్చే తల్లి వేషంలో, మెల్లగా చెయ్యి పైకెత్తాడు. సరిగ్గా అప్పుడే ముఖ్య అతిథి దిగాడు. నాటకం పెట్టించిన సంఘం కార్యదర్శి శాలువా పట్టుకుని స్టేజీ మెట్ల దగ్గరికి ఉరికాడు.

"నాటకం నడుస్తాంటె సన్మానమేందన్నా? జర ఆగరాదు?" అని అడ్డుపడ్డాను.

"ఆగితె సారు పోతడు తమ్మీ. ఆ జపానాయన ఎటు పోతడు?"

శాలువా, దండ, ఉపన్యాసం అయ్యేదాకా ఆ ముసలాయన ఎత్తిన చెయ్యి దించలేదు. అది వణకడం నాకు కనిపిస్తూనే ఉంది.

"వీళ్లను చూసి మనం క్రమశిక్షణ నేర్చుకోవాలె!" అని మైకులో ముగించి అతిథి అంబాసిడర్ కారెక్కి వెళ్లిపోయాడు. ఆ మాటకు హాలంతా చప్పట్లు. అలవాటు కొద్దీ నేనూ కొట్టాను. మీరైతే కొట్టకుండా ఉండేవారా? నిజం చెప్పండి.