దస్తీ కట్టిన చెయ్యి

జెట్ బోటు మళ్లీ దిమ్మెల మీదికే పోయింది.

థర్మాకోల్ దిమ్మెలవి. ఎర్ర రంగు పూసి, అడుగున రాళ్లు కట్టి, చెరువు నడుమ వరసగా తేలవేశారు. నిండు వేగంతో వచ్చిన బోటు వాటి ముందుకు రాగానే పక్కకు తిరిగి తప్పుకోవాలి. పరీక్ష అదే. బోటు తిరగలేదు. మనుషుల బరువుకు బదులు పేర్చిన ఇసుక బస్తాలతో సహా నేరుగా దూసుకెళ్లి, నడిమి దిమ్మెను రెండు చెక్కలు చేసి, ఆవల ఎక్కడో మెల్లబడింది.

బాబా మియా తన కుడిచేతి వైపు చూశాడు. అది ఇంజన్ వేగాన్ని పెంచి తగ్గించే రేజు లివరును పూర్తిగా వెనక్కి గుంజి పట్టుకుని ఉంది. గుంజమని అతను చెప్పలేదు.

"మళ్లా తగ్గించేసిన్రు బాబా భాయ్," అంది పక్క సీటులోని నిహారిక. ఆమె కంపెనీ ఇంజనీరు. ఒడిలో పెట్టుకున్న మీటరు మీది నీటి చుక్కలను చున్నీ అంచుతో తుడుస్తోంది. గొంతులో నిష్ఠూరం లేదు. అదే అతనికి ఎక్కువ గుచ్చుకుంది.

"నాకు తెలుస్తనే ఉంది మేడం. చెయ్యి ఇంటలేదు."

తెలియని సంగతి కాదు. ఇన్నాళ్లూ అతను నడిపిన బోట్లన్నిటికీ ఔట్‌బోర్డు ఇంజనే, అది బోటు వెనక వేలాడుతుంది. దాని కాలు, ఆ కాలికున్న ఫ్యాను నీళ్లలోకి దిగి ఉంటాయి. రేజు తగ్గించినా ఆ కాలు చుక్కానిలా పనిచేసి బోటును ఎంతో కొంత తిప్పుతుంది. జెట్టుకు కాలు లేదు. అది అడుగు నుంచి నీళ్లు పీల్చి వెనక నుంచి ధారగా చిమ్ముతుంది. ఆ ధారను అటూ ఇటూ మళ్లిస్తేనే బోటు తిరుగుతుంది. రేజు తగ్గిస్తే ధార ఉండదు. ధార లేనప్పుడు స్టీరింగు ఎంత తిప్పినా ఉత్త చక్రం తిప్పినట్టే. కాబట్టి అడ్డం ఏదైనా వస్తే తగ్గించకూడదు, ఇంకా ఇచ్చి తిప్పాలి. నిహారిక ఈ సంగతి బొమ్మ గీసి చెప్పింది. అదే బొమ్మను బాబా మియా ఒడ్డున మట్టిలో పుల్లతో గీసి సూపర్‌వైజర్ దశరథ్‌కు వివరించాడు కూడా. తలకు ఎక్కింది. చేతికి ఎక్కలేదు.

ఆ చేతి అలవాటు ఇవాళ్టిది కాదు. పటాన్‌చెరు పాత ఊళ్లో అతని తండ్రి బావుల మీది ఆయిల్ ఇంజన్లు బాగుచేసేవాడు. ఆయన ఎడమచేతికి రెండు వేళ్లు లేవు, బెల్టు తీసుకుపోయింది. కొడుకును ఇంజన్ పక్కన నిలబెట్టిన మొదటిరోజు ఆయన నేర్పింది ఒకటే. షక్ వస్తే, కొంచెం అనుమానమైనా సరే, బంద్ చెయ్, ఆలోచన తర్వాత చేసుకో. తర్వాత కరెంటు మోటార్లు వచ్చాయి, ఆయిల్ ఇంజన్లు పాత ఇనుము కొట్లకు పోయాయి. బాబా మియా హైవే మీది లారీల షెడ్డులో చేరాడు. అక్కడ ఇద్దరి కాళ్లు విరిగినా అతని ఒంటికి దెబ్బ తగల్లేదంటే తండ్రి మాట వల్లే. నీళ్ల ట్యాంకులు పోసే ఫైబర్ కంపెనీ ఒకటి, పార్కుల చెరువుల్లో షికారు తిప్పే బోట్లు కూడా పోయడం మొదలుపెట్టి, ఇంజన్లు తెలిసిన మనిషి కోసం వెతికినప్పుడు అతను దొరికాడు. అప్పటికి ఈత రాదు. ఈ చెరువులో చేపలు పట్టే చిన్నరాములు, అతని నడుముకు టైరు ట్యూబు తగిలించి తిట్టుకుంటూ నేర్పాడు.

అప్పటి నుంచి కంపెనీ బోటు ఏది నీళ్లు తాకినా మొదట స్టీరింగు పట్టేది బాబా మియానే. ఎంత వేగం పోతుంది, ఎంత చమురు తాగుతుంది, ఎంత బరువుకు మూతి పైకి లేస్తుంది, ఇంజన్ ఎంత వేడెక్కుతుంది, అన్నీ అతను నడిపితేనే తేలేవి. బామ్మర్దులు గడ్డపోతారం మందుల కంపెనీల్లో వాసన పీల్చి ఇంటికొస్తే, తన మనిషి చెరువు గాలి పీల్చి వస్తాడని భార్య సర్వర్ బేగం నలుగురిలో చెప్పుకునేది.

ఇప్పుడా సీటు పోయేలా ఉంది. జెట్ బోట్లు కొనేవాళ్లు శుక్రవారం చూడటానికి వస్తున్నారు. మియాకు చేతకాకపోతే నాగార్జునసాగర్ నుంచి ఒక డ్రైవర్‌ను పిలిపించమని దశరథ్‌తో కంపెనీ సేటు అన్నాడట. మియాను షెడ్డులోనే ఉంచి, డ్రమ్ము నీళ్లలో దించిన ఇంజన్లు నడిపి చూసే పని ఇవ్వమన్నాడట. దశరథ్ ఈ మాట చెబుతున్నంతసేపు చెరువు వైపే చూశాడు. డ్రమ్ములో ఇంజన్ అంటే గంప కింద కోడి. ఎంత అరిచినా ఎటూ పోదు. దాని పక్కన నిలబడి పొగ పీల్చే మనిషీ అంతే.

మధ్యాహ్నం గట్టు మీద డబ్బా విప్పుకుని కూర్చుంటే చిన్నరాములు విరిగిన దిమ్మె చెక్కలు రెండూ తెచ్చి ముందు పడేశాడు. దిమ్మెలు కట్టే పని కంపెనీ అతనికే ఇచ్చింది. పెద్ద థర్మాకోల్ పలక మీద కూర్చుని, చేతులే తెడ్లుగా తోసుకుంటూ పోయి కట్టి వస్తాడు.

"మియా, దిమ్మెలతోని నీకేమన్న పాత పగనా? ఒక్కదాన్నన్న ఇడ్సిపెట్టు, రేపు బోణీకి ఉంటది."

"నువ్వు గట్టిగ కట్టవు. అవే ఉరికొచ్చి బోటు కింద పడ్తున్నయ్."

"అట్లనా? అయితె రేపు కాళ్లు కూడ కట్టేస్త."

బాబా మియా నవ్వాడు గానీ సగంలోనే డబ్బా మూత పెట్టేశాడు.

ఆ సాయంత్రం ఇంటికి పోయేసరికి కూతురు అంజుమ్ పిల్లను తీసుకుని వచ్చి ఉంది. మూడేళ్ల మనవరాలికి బొటనవేలు చీకే అలవాటు. సర్వర్ బేగం ఆ పిల్ల చేతికి మెత్తటి గుడ్డ చుట్టి, కొసను మోచేతి దాకా తెచ్చి కడుతోంది. పిల్ల ఏడ్చి ఏడ్చి ఊరుకుంది. చెప్తే సరిపోయేదానికి కట్టడమెందుకని అతను అడిగాడు.

"చెప్తే తలకాయ ఇంటది జీ," అంది సర్వర్ బేగం ముడి బిగిస్తూ. "చెయ్యి ఇంటదా?"

బాబా మియా చాయ్ చల్లారిపోయేదాకా ఆ ముడినే చూస్తూ కూర్చున్నాడు.

మర్నాడు పొద్దున బోటు ఎక్కగానే జేబులోంచి పెద్ద చేతిరుమాలు, తన దస్తీ, తీశాడు. కుడి మణికట్టును, లివరును కలిపి దస్తీతో బిగించాడు. లివరుకు ముందు పట్టుకోవడానికి ఒక ఇనుప కడ్డీ ఉంది. దస్తీ కొసను ఆ కడ్డీకి ఒక చుట్టు చుట్టి నిహారికకు అందించాడు. లివరు నిండా ముందుకు పోయాక కొస గట్టిగా పట్టుకోవాలి. అప్పుడు చెయ్యి ఎంత గుంజినా లివరు వెనక్కి రాదు. ఆపాలంటే కొస వదిలేస్తే చాలు.

నిహారిక కొస పట్టుకోలేదు. ఇది పద్ధతి కాదంది. ఏమన్నా అయితే ఇద్దరి ఉద్యోగాలూ పోతాయంది. బాబా మియా కొస ఉన్న ఎడమచెయ్యి అలాగే చాపి ఉంచాడు. చేతికి ఒక్కసారి అలవాటైతే చాలని, తర్వాత దస్తీ అక్కర్లేదని చెప్పాడు. ఆమె ఒడ్డున పచ్చజెండాతో నిలబడ్డ దశరథ్ వైపు చూసింది. అంత దూరానికి దస్తీ కనబడదు. కొస అందుకుని పిడికిలికి చుట్టుకుంది.

మొదటి పరుగులో దిమ్మెలు దగ్గరికి వచ్చాయి. చెయ్యి ఒక్క గుంజు గుంజింది. దస్తీ బిగుసుకుంది. రేజు తగ్గలేదు. స్టీరింగు తిప్పగానే బోటు ఒక పక్కకు ఒరిగి, నీళ్లను గోడలా లేపి, దిమ్మెల పక్క నుంచి జారిపోయింది. ఒడ్డున దశరథ్ జెండా తల మీద గిరగిరా తిప్పాడు. నిహారిక మీటరు చూడటం కూడా మరిచిపోయి నవ్వింది. ఆ అలల తాకిడికి చివరి దిమ్మె తాడు జారిన సంగతి ఇద్దరూ గమనించలేదు.

చిన్నరాములు గమనించాడు. ఎవరూ చెప్పకముందే పలక మీద ఎక్కి తోసుకుంటూ పోయాడు.

బోటు చెరువు ఆ చివర మలుపు తీసుకుని నిలబడింది. ఎదురుగా ఎండ నీళ్ల మీద పడి కళ్లలో గుచ్చుతోంది. ఒడ్డున పచ్చజెండా లేచింది. బాబా మియా లివరు తోశాడు. బస్తాల బరువుకు బోటు మూతి పైకి లేచింది. అలా లేచినంతసేపు ముందు ఆకాశం తప్ప ఏమీ కనబడదు. వేగం అందుకుని మూతి దిగాకే నీళ్లు కనబడతాయి. నిహారిక కొస బిగించింది.

మూతి దిగింది. ఎర్ర దిమ్మెల వరస కనబడింది. వరస చివర, సరిగ్గా తను తిప్పబోయే దారిలో, తెల్ల పలక, దాని మీద బోర్లా పడుకుని నీళ్లలోకి చేతులు పెట్టి తాడు కడుతున్న మనిషి. వీపు మాత్రమే కనబడుతోంది.

చెయ్యి గుంజింది. ఇందాకటి గుంజుడు కాదది. భుజం దగ్గర్నుంచి, నడుము దగ్గర్నుంచి గుంజింది. దస్తీ మణికట్టులోకి దిగింది. పక్కన నిహారిక పిడికిలి సడలడం అతనికి కనబడింది. బొమ్మ గీసి చెప్పిన మనిషే వదలబోతోంది.

"వదలకు బేటీ."

కేక కాదు, మామూలు గొంతే. ఎప్పుడూ మేడం అనే మనిషి బేటీ అన్నాడని ఆమెకు ఆ క్షణంలో తట్టలేదు. రెండో చెయ్యి కూడా వేసి కొస పట్టుకుంది. అతను ఎడమచేత్తో స్టీరింగును అవతలి పక్కకు, దిమ్మెల మీదికే తిప్పేశాడు. బోటు ఒరిగింది. ఒక బస్తా దొర్లి నిహారిక కాలి మీద పడింది. దిమ్మెలు అడుగున పటపటా పగిలాయి. తెల్ల పలక కుడిపక్కన, చెయ్యి చాపితే అందేంత దగ్గరలో మెరిసి వెనకబడింది.

ఆమె కొస వదిలింది. లివరు వెనక్కి వచ్చింది. ఇంజన్ చప్పుడు తగ్గాక చెరువు మీద కొంగ రెక్కల చప్పుడు కూడా వినబడింది.

వెనక్కి చూస్తే పలక తిరగబడి ఉంది. దాని పక్కన నీళ్లు ఊగుతున్నాయి. మనిషి లేడు. బాబా మియా చేతికున్న ముడి విప్పుకోబోయాడు. తడిసి బిగిసిన ముడి రాలేదు. పళ్లతో పట్టి లాగుతుండగా పలక అవతల తల లేచింది.

"నీ అవ్వ... మియా," దగ్గు, మళ్లీ దగ్గు. "ఈత నేర్పినందుకు గిదేనా నువ్విచ్చే బాకీ?"

బాబా మియా సీటులో వెనక్కి వాలి కళ్లు మూసుకున్నాడు. పెదవులు ఏదో చదువుకున్నాయి.

ఒడ్డుకు చేరేసరికి దశరథ్ మోకాలి లోతు నీళ్లలో నిలబడి ఉన్నాడు. ఎండ కళ్లలో పడి పలక కనబడలేదని, దిమ్మె అనుకున్నానని ఒకటే మాట మళ్లీ మళ్లీ అన్నాడు. చిన్నరాములును ఒళ్లంతా తడిమి చూసి, తిట్టి, తన చాయ్ అతనికి ఇచ్చాడు. తర్వాత బాబా మియా భుజం పట్టుకున్నాడు. అంత దగ్గర్నుంచి తప్పించడం సాగర్ డ్రైవర్ల వల్ల కూడా కాదన్నాడు. శుక్రవారం స్టీరింగు మియాదే, సేటుకు ఇప్పుడే ఫోన్ చేస్తానన్నాడు.

బోటులోనే విప్పేసిన దస్తీ నిహారిక గుప్పిట్లో ఉంది. దాన్ని బ్యాగులో వేసేసుకుంటే సంగతి అక్కడితో అయిపోతుంది. అలాగే వేసుకోబోయింది.

బాబా మియా కుడిచెయ్యి చొక్కా పైకి జరిపాడు. మణికట్టు చుట్టూ తోలు లేచి ఎర్రగా గాడి పడి ఉంది.

"తప్పించింది నేను గాదు దశరథ్. నా చెయ్యి ఇయ్యాల కూడ రేజు బంద్ చెయ్యాల్నని గుంజింది. మేడం దస్తీ పట్టుకోకపోతె రాములు లేడు."

దశరథ్‌కు అర్థం కావడానికి కొంచెంసేపు పట్టింది. అర్థమయ్యాక మొహం మాడ్చుకున్నాడు. అడగని మాట ఎందుకు చెప్పావన్నాడు. రెండు రోజులు ఆగితే చెయ్యి అదే దారికి వచ్చేదన్నాడు. బాబా మియా తలూపాడు. రావచ్చు, రాకపోవచ్చు. అది తేలేదాకా మనుషులున్న నీళ్లలో ఆ సీటులో కూర్చోనన్నాడు. చిన్నరాములు చాయ్ గ్లాసు నోటి దగ్గరే పెట్టుకుని అతన్ని చూస్తూ ఉండిపోయాడు.

శుక్రవారానికి ముందురోజు సాగర్ నుంచి డ్రైవర్ వచ్చాడు. పేరు శ్రీశైలం. కండలు తిరిగిన మనిషి. చిన్నప్పటి నుంచి నీళ్ల మీదే బతికానని, ఔట్‌బోర్డులు కళ్లు మూసుకుని నడుపుతానని బోటు చుట్టూ తిరుగుతూ చెప్పాడు. నిహారిక జెట్టు సంగతి చెబితే అన్నిటికీ అర్థమైందన్నాడు. దశరథ్ చిన్నరాములును దిమ్మెలు కట్టి రమ్మన్నాడు. అతను పలకను గట్టు మీదే బోర్లించి దాని మీద కూర్చుని బీడీ ముట్టించాడు.

"ముందుగాల గాయన చేతికి దస్తీ కట్టుండ్రి. గా చెయ్యేమంటదో సూసినంకనే నేను నీళ్లల్ల దిగేది."

దశరథ్ కసిరాడు. శ్రీశైలం నవ్వాడు. దస్తీ ఏమిటని అడిగాడు. డ్రమ్ము ఇంజన్ దగ్గర్నుంచి అప్పుడే వచ్చి గట్టు మీద నిలబడ్డ బాబా మియా జేబులోంచి తీసి చూపించాడు. ఉతికి మడత పెట్టి ఉంది.

"ఎన్నేండ్లయింది భాయ్ ఔట్‌బోర్డు పట్టవట్టి?" అని అడిగాడు.

"ఇరవై ఏండ్లు దాటింది."

"అయితె చెయ్యి ఇయ్యి."

శ్రీశైలం నవ్వుతూనే చెయ్యి చాపాడు. చిన్నరాములు గట్టు మీద నుంచి కదలలేదు, నీళ్లలో మిగిలిన దిమ్మెలు ఉన్నవి ఉన్నట్టే ఉన్నాయి. బాబా మియా బోటులోకి దిగి అతని మణికట్టును, లివరును కలిపి కట్టాడు. కొసను కడ్డీకి ఒక చుట్టు చుట్టి నిహారిక పిడికిట్లో పెట్టాడు. తర్వాత వెనక్కి వెళ్లి ఇసుక బస్తాల నడుమ, బరువుగా, కూర్చున్నాడు. చెయ్యి గుంజితే ముందుగా కదిలే శ్రీశైలం భుజం అక్కడి నుంచి బాగా కనబడుతుంది.