సీతమ్మ ఊరేగింపు పాట

మా సంగీతం టీచరుగారు మంగళవారం పొద్దున ఆసుపత్రిలో కొవిడ్‌తో పోయారు. కబురు తెలిసిన పది నిమిషాలకే ఈ పరాయి దేశంలో మా నేవన్ ఊరి తెలుగువాళ్ల వాట్సాప్ గ్రూపు దండం బొమ్మలతో నిండిపోయింది. "సంగీత సరస్వతి" అని ఒకరు, "తీరని లోటు" అని ఇంకొకరు. చదువుతుంటే ఒళ్లు మండింది. అలా రాసినవాళ్లలో నేనూ ఉన్నాను.

ఏటా శ్రీరామనవమికి ఇక్కడ ఒక హాలు అద్దెకు తీసుకుని సీతారామ కల్యాణం చేస్తాం. విగ్రహాలు హాలు గుమ్మం నుంచి మండపం దాకా ఊరేగుతాయి. ఆ నడకకి పాట ఎంచడం టీచరుగారి పని. మాకది పది నిమిషాల తతంగం, ఆవిడకి నెల రోజుల ఆలోచన. "ఇది రాజుల ఇంటి పెళ్లి నాయనా. పాట వినగానే గుమ్మంలో కబుర్లు చెప్పుకునేవాళ్లు వాళ్లంతట వాళ్లే తప్పుకోవాలి" అనేవారు. రాముడికి శంకరాభరణం, సీతమ్మకి ఆనందభైరవి. రాగాలు మారవు గానీ పాట మాత్రం ప్రతిసారీ కొత్తగా వెతికేవారు.

ఒక ఏడాది సీతమ్మను మోసే వంతు నాకొచ్చింది. వారం ముందు నా చేతుల్లో ఐదు కిలోల బియ్యం సంచీ పెట్టి హాల్లో అటూ ఇటూ నడిపించి, పక్కనే పాడుతూ నడిచారు. విగ్రహం మండపం చేరాకే పాట ఆగాలి, ముందే అయిపోతే పెళ్లికూతురు దిక్కులేనిదానిలా నడవాల్సి వస్తుందని ఆవిడ బెంగ. అంత దూరాన లెపర్డ్స్‌టౌన్‌లో ఆఫీసు ముగించుకుని వచ్చి ఈ కవాతేమిటని విసుక్కున్నాను. ఆవిడ పట్టించుకుంటేగా! మూడు పాటలు మార్చి, నా పొట్టి అంగలకు తగ్గది దొరికాక బాగుందనడానికి ఇక్కడి ఐరిష్‌వాళ్లలా "గ్రాండ్" అన్నారు.

లాక్‌డౌన్ ఏడాది కల్యాణం పూజారిగారి ఇంట్లో, మేమంతా వీడియో కాల్‌లో. ఊరేగింపంటే వంటగది తలుపు నుంచి సోఫా దాకా. టీచరుగారు ఆయనకి ఫోన్ చేసి మెల్లగా నడవమని చెప్పి, ఆ కాస్త నడకకీ విడిగా పాట ఎంచుకున్నారు. కాల్ నడిపేది, రికార్డు చేసేది నేనే. ప్రతిధ్వని వస్తోందని ఆవిడ టాబ్లెట్‌లో శబ్దం పూర్తిగా తగ్గించమన్నాను, తగ్గించారు. కళ్లు మూసుకుని పాట ఎత్తుకున్నారు. ఇంటర్నెట్ సరిగ్గా లేక గొంతు తెగి తెగి వస్తోంది. మ్యూట్ చేసి సన్నాయి రికార్డింగు పెట్టెయ్, జనం వెళ్లిపోతున్నారని కమిటీ నుంచి మెసేజి. పెట్టేశాను. ఆ సంగతి తెలియక ఆవిడ చివరిదాకా పాడారు.

సాయంత్రం ఫోన్ చేశారు.

"సీతమ్మ చేరేదాకా పాట ఉందా నాయనా?"

"ఉందండీ. చాలా బాగా కుదిరింది."

ఆవిడ బాధపడతారనే అబద్ధమాడానని ఇన్నాళ్లూ నాకు నేను చెప్పుకున్నాను. మీతో కూడా అదే చెబితే ఇది రాయడం దండగ. చేసింది ఒప్పుకునే ధైర్యం లేకపోయింది, అంతే.

అంత్యక్రియలకు పదిమందికే అనుమతి. నిన్న ఆవిడ భర్త ఫోన్ చేశారు. శవపేటికను దహనశాల లోపలికి తీసుకెళ్లేటప్పుడు ఏం పాట పెట్టాలని అక్కడివాళ్లు అడిగారట.

"తన గొంతే పెడదాం బాబూ. ఎప్పుడూ రికార్డు చేయనిచ్చేది కాదు. ఆ కల్యాణం వీడియో నీ దగ్గరుంటుంది కదా? బాగా కుదిరిందని నువ్వన్నావని ఎంత సంబరపడిందో."

చూసి పంపుతానన్నాను. ఇప్పటికి నాలుగుసార్లు చూశాను. మొదటి రెండు తెగిన ముక్కలు తప్ప అందులో ఆవిడ గొంతు లేదు. మూలన చిన్న గడిలో, వంటింటి అల్మారా ముందు పట్టుచీర కట్టుకుని కూర్చున్నారు. తొడ మీద తాళం వేస్తున్నారు. పెదవులు కదులుతున్నాయి. ఎవరిదో సన్నాయి మోగుతోంది.