మూడువందల యాభై మందికి

ముత్తుకూరులో పెళ్లి బిర్యానీ అంటే హుస్సేన్ సాహెబే. వంట ఎలా ఉంటుందో తిన్నవాళ్లు చెబుతారు గానీ, ఆయన లెక్క గురించి చెప్పడానికి ఎవరికీ నోరు చాలదు. ఇంటికొచ్చినవాళ్లు "ఇంతమంది" అనేలోపే బియ్యం ఎంత, మాంసం ఎంత, మొత్తం ఎంతవుతుందో టకటకా చెప్పేవాడు. నూరుమందికి ఇంతయితే నూట డెబ్భైమందికి ఎంత అన్నది బడిపిల్లలు పేజీ నిండా కొట్టివేతలతో చేసే లెక్క. ఆయన వక్కాకు నములుతూ చేసేవాడు. సెల్‌ఫోను తీసి సరిచూసుకునే కుర్రకారంటే మహా చులకన. "లోపల పెట్టుకోండి నాయనా, తప్పు చూపిస్తే పాపం అది సిగ్గుపడతది" అనేవాడు.

పోయిన రంజాను తర్వాత పక్షవాతం వచ్చింది. నెల్లూరు ఆసుపత్రిలో పడుకుని లేచేసరికి చేయి తిరిగొచ్చింది, మాట తిరిగొచ్చింది. లెక్క ఒక్కటే రాలేదు. అదృష్టవంతుడన్నారు డాక్టర్లు. వాళ్లకేం తెలుసు! చేయి పోయివుంటే కుర్చీలో కూర్చుని నలుగురికి చెప్పి వండించేవాడు. లెక్క తెలియని వంటవాడి చేతికి అంత మాంసం ఎవరు అప్పగిస్తారు?

మధ్యాహ్నం పూట భార్య బడేబీ ఆయన ముందు ఉల్లిపాయలు పోసుకుని కూర్చుని, కూతురి పేరుతో ఆయన్ని పిలుస్తూ లెక్క అడిగేది.

"రెండు కిలోలు అరవై రూపాయలు. అయిదు కిలోలు ఎంత, సాహిరా అబ్బా?"

"అరవై మూడు."

మూడు కిలోలు ఎక్కువ కదా, మూడు రూపాయలు ఎక్కువ. "ముందు ఒక్క కిలో ఎంతో చెప్పండి" అని బడేబీ బతిమాలేది. ముప్పై అని ఠక్కున చెప్పేవాడు. అక్కణ్ణుంచి అయిదు కిలోలకు వెళ్లే దారి మాత్రం దొరికేది కాదు. ఒకరోజు కోపం పట్టలేక ఉల్లిపాయలన్నీ వాకిట్లోకి విసిరికొట్టాడు. తర్వాత తనే వంగి ఏరుకుంటూ ఏడ్చాడు.

అలాంటి రోజుల్లో పెంచలప్రసాద్ ఫోను చేశాడు. కృష్ణపట్నం పోర్టుకు లారీలు తిప్పే మనిషి. అతని చెల్లెలి పెళ్లికి వండింది హుస్సేన్ సాహెబే. ఇప్పుడు కొడుకు రిసెప్షనట, మూడువందల మందట, ఆదివారం వచ్చి మాట్లాడతానన్నాడు. ఈ ఒక్క వంట కుదిరితే ఊరు మళ్లీ నమ్ముతుంది. కుదరకపోతే ఇక ఈ గడప ఎవరూ తొక్కరని మొగుడూ పెళ్లాలిద్దరికీ తెలుసు.

బడేబీ ఉపాయం పన్నింది. మూడువందల మందికి లెక్కంతా కూతురు సాహిరా చేత సెల్‌ఫోనులో వేయించి, ఆయన చేత బట్టీ పట్టించింది. బియ్యం ముప్పై కిలోలు, మాంసం నలభై, అన్నీ కలిపి తొంభై వేలు. ఊరందరి లెక్కలనూ వెక్కిరించిన మనిషి చిన్నపిల్లాడిలా గోడవైపు తిరిగి వల్లెవేస్తుంటే చూడలేక ఆమె వంటింట్లోకి వెళ్లిపోయేది.

ఆదివారం ప్రసాద్ వచ్చాడు. హుస్సేన్ సాహెబ్ వక్కాకు బుగ్గన పెట్టుకుని గడగడా అప్పజెప్పాడు. ఎక్కడా తడబడలేదు. తలుపు చాటున బడేబీ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

"నువ్వు లెక్క మర్చిపోయినావని ఎవరెవరో ఏందేందో అన్నారు సాయిబన్నా. వాళ్ల నోట్లో మన్ను పడ!" అంటూ ప్రసాద్ లేచాడు. చెప్పుల్లో కాలు పెట్టబోయి ఆగాడు. "ఆఁ, చెప్పనేలేదు. పెళ్లికూతురు తరఫువాళ్లు యాభైమంది పెరిగినారు. మూడువందల యాభై వేసుకో. ఎంతవతది?"

బడేబీ చాటునే గబగబా వేళ్లు మడిచింది. ఆమెకూ అందలేదు.

"తొంభై వేల యాభై" అన్నాడు హుస్సేన్ సాహెబ్.

ప్రసాద్ పగలబడి నవ్వాడు. "యాభైమందికి యాభై రూపాయలా! నీ ఎగతాళి పోలేదన్నా!"

హుస్సేన్ సాహెబ్ నవ్వలేదు. ప్రసాద్ నవ్వు కాస్త కాస్తగా ఆగిపోయింది. తలుపు దగ్గర బడేబీని చూసి తల దించుకున్నాడు. "సరే అన్నా, ఇంట్లో ఒక మాట అనుకొని ఫోన్ చేస్తా" అని వెళ్లిపోయాడు. అది వచ్చే ఫోను కాదని బడేబీకి తెలుసు.

హుస్సేన్ సాహెబ్ వీధివైపే చూస్తూ కూర్చున్నాడు. నమలని వక్కాకు బుగ్గనే ఉండిపోయింది. అలాగే భార్యను పిలిచాడు.

"బడేబీ, నిజం చెప్పు. నేను ఎక్కువ చెప్పినానా, తక్కువ చెప్పినానా?"