రాతి మీద బావ పేరు

ఏళ్లుగా ఒక అబద్ధాన్ని మోస్తున్నాను. మీరెవరో నాకు తెలియదు. తెలియదు కాబట్టే చెబుతున్నాను. నా మీద జాలిపడకండి.

మాది మైపాడు దగ్గర పల్లె. నా భర్త సముద్రంలో పోయాడు. ఆ రోజు అలలు బాగాలేవు, వేటకు పోనని ఆయనంటే, నలుగురిలో పిరికివాడని నవ్వి పంపింది ఆయన అన్న, మా బావ. ఏడాది తిరక్కుండానే అదే బావ చిన్న చర్చి కట్టించాడు. గుమ్మం పక్కన నల్లరాయి. పైన పెద్ద అక్షరాల్లో బావ పేరు. కింద, 'ప్రియ తమ్ముని జ్ఞాపకార్థం కట్టించి దేవునికి ప్రతిష్ఠించినది' అని. తమ్ముడి పేరే లేదు.

ప్రతిష్ఠకు ముందురోజు మధ్యాహ్నం నేల కడగడానికి వెళ్లాను. రాయి బిగించిన మేస్త్రి మస్తాన్ నాకు చెప్పి అన్నానికి వెళ్లాడు. సుత్తి, ఉలి అక్కడే ఉన్నాయి. బావ పేరు ఆనవాలు లేకుండా పోయేదాకా కొట్టాను. దానికి ఇప్పటికీ బాధ లేదు.

సాయంత్రం ఊరంతా అక్కడ పోగైంది. రాయి ఏ పక్కన పెట్టాలనే దాని మీద ఆ పొద్దున బావకూ మస్తాన్‌కూ మాటామాటా పెరిగింది. ఆ కోపంతోనే చేశాడని బావ అతని చొక్కా పట్టుకున్నాడు. మస్తాన్ నా వైపు తిరిగాడు.

"నేను పొయ్యేటప్పుడు రాయి బాగుండింది గదక్కా. నీకు జెప్పే పొయినా. ఒక్క మాట జెప్పు."

"నేను చూళ్లేదు," అన్నాను.

కొట్టారు. ముస్లిమని అతని మతాన్ని కూడా తిట్టారు. ఆ చుట్టుపక్కల ఇంకెవరూ పని ఇవ్వక, భార్యను తీసుకుని నాయుడుపేట వెళ్లిపోయాడు.

ఎందుకన్నాను ఆ మాట? బావ ఇంట్లో తింటున్నానన్న భయమా? భయమే అయితే బావ చనిపోయాకైనా నోరు విప్పేదాన్ని కదా. నిజం వేరే. మస్తాన్‌ను కొడుతుంటే నేను అతన్ని చూడనేలేదు. బావ మొహమే చూస్తూ, ఆయన పండగ పాడైందని లోపల సంతోషపడుతూ నిలబడ్డాను.

పోయిన వారం నాయుడుపేట వెళ్లి మస్తాన్ ఇల్లు వెతుక్కున్నాను. గడప బయటే నిలబడి అంతా చెప్పాను. తెలుసన్నట్టు చూశాడు. తలుపు వేసుకున్నాడు.

తిరిగి బస్సెక్కాను. క్షమించలేదు, క్షమించనక్కర్లేదు కూడా. మనుబోలు దాటేసరికి సిగ్గులేకుండా ఆకలేసింది.